తోడల్లుడి కుర్చీ

ఓస్లో
1940 సెప్టెంబరు 5

వదినకు,

నిన్న చేరాను. రైలు చాలా ఆలస్యం. మీరు కట్టిచ్చిన మేకపాల జున్ను దారిలోనే అయిపోయింది.

ఈ ఉత్తరం టపాలో వేయడం లేదు. అక్కడ ప్రతిదీ తెరిచి చూస్తున్నారు. బెర్గెన్ రైల్లో టికెట్లు చూసే మన యోరన్ చేతికి ఇస్తున్నాను. అతను బెర్గెన్‌లో మన ఊరి పడవకు అందిస్తాడు. మీరూ అదే దారిన రాయండి. ఉన్నది ఉన్నట్టు రాసుకోవచ్చు.

సభాభవనంలో మాకు కొన్ని గదులే మిగిల్చారు. గుమ్మం దగ్గర జర్మన్ సిపాయిలు ఉన్నారు. లోపలికి వెళ్ళేవాళ్ళు పేరు చెప్పాలి. సీవెర్ట్ లిద అన్నాను. అలాంటి పేరు లేదన్నారు. అన్నయ్య పేరు చెప్పాక దారి ఇచ్చారు. ఇక్కడ నేను హల్వార్ ఓత్నెస్ రాలేనప్పుడు కూర్చునే బదులు మనిషిని. అంతకుమించి ఎవరికీ ఏమీ కాను.

కుర్చీ కూడా ఆయనదే. సభలో పార్టీ ప్రకారం కాక జిల్లా ప్రకారం కూర్చోబెడతారు కాబట్టి నా పక్కన క్వామె గారు పడ్డారు. అన్నయ్యకు పదేళ్ళ ప్రత్యర్థి. నేను కూర్చోగానే కిందికీ పైకీ చూశారు. "హల్వార్ అయితే ఈపాటికి నాతో రెండు గొడవలు పెట్టుకునేవాడు. బదులు వచ్చినవాడివి, నోరు ఇంట్లో పెట్టి వచ్చావా?" అన్నారు. నాకు మాట్లాడే అలవాటు తప్పిందని చెప్పాను. మార్చిలో గూరో పోయిన సంగతి ఆయనకు తెలుసనుకుంటాను. తన కాగితాల్లోకి తల దించుకున్నారు.

మమ్మల్ని పిలిచిన పని ఇది. రాజూ మంత్రులూ లండన్‌లో ఉన్నారు. వాళ్ళను తీసేశామని జర్మన్లు ఎప్పుడైనా ప్రకటించుకోవచ్చు. అలా చేయరట. ప్రజలు ఎన్నుకున్న సభే ఆ మాట అనాలట. మేం ఔనంటే సభ బతుకుతుంది, మన మనుషులతోనే ఒక మండలి వేస్తారు. కాదంటే ఏమవుతుందో చెప్పలేదు. ఎవరూ అడగలేదు కూడా.

ఇంకొకటి ఉంది. ఔనంటే, దేశం దాటి వెళ్ళిన సభ్యుల కుర్చీలు పోతాయి. అన్నయ్యదీ పోతుంది. అది బదులు మనిషికి దక్కుతుంది. అంటే నాకు. ఇది మీకు ఊళ్ళో ఎవరో చెప్పేలోపు నేనే చెప్పాలనుకున్నాను.

సొరుగులో ఆయన కళ్ళద్దాలు ఉన్నాయి. ఏం చేయమంటారు?

సీవెర్ట్

*

ఓత్నెస్
సెప్టెంబరు 9

సీవెర్ట్‌కు మీ వదిన రాసేది.

పిల్లలూ నేనూ బాగున్నాం. బంగాళాదుంపలు తవ్వడం మొదలుపెట్టాం. గొర్రెలు కొండ మీద నుంచి ఇంకా దిగలేదు. ఈసారి దింపడానికి మగవాళ్ళు చాలరు. కొందరు పోయారు, కొందరు కనిపించకుండా పోయారు, మిగిలినవాళ్ళకు మోకాళ్ళ నొప్పులు.

నీకో సంగతి చెప్పాలి, కోపం తెచ్చుకోకు. నీ ఇంట్లో జర్మన్ లెఫ్టినెంటు దిగాడు. ఖాళీ ఇల్లే కదా అన్నాడు. ఖాళీ కాదు, ఇంటాయన రాజధానిలో దేశం పని మీద ఉన్నాడన్నాను. నవ్వి తాళం చెవి కోసం చేయి చాపాడు. మా చెల్లి గూరో బట్టలూ, మగ్గమూ ముందే మా ఇంటికి తెచ్చేశాను. మంచం తేలేకపోయాను.

మర్నాడు వాడే మా గుమ్మంలోకి వచ్చి మీ ఆయన ఎక్కడన్నాడు. చేపలకు వెళ్ళాడన్నాను. ఎప్పుడొస్తాడన్నాడు. చేపలు పడ్డప్పుడు అన్నాను. రాసుకున్నాడు. నేను నవ్వుతానేమోనని చూశాడు. నేను నవ్వలేదు. తలుపు వేశాక మాత్రం గడియ కూడా పెట్టాను.

కొట్టు ఓలీనా సంగతి నీకు తెలుసుగా. నిన్న ఉప్పు కొలుస్తూ మొదలుపెట్టింది. "మూడేళ్ళకని మా చేత ఓట్లేయించుకున్నారు. నాలుగో ఏడు వాళ్ళకు వాళ్ళే కలుపుకున్నారు. ఇప్పుడు రాజునే తీసేస్తారట. ఇక మాతో పనేముంది?" అంది. కొట్లో ఉన్నవాళ్ళంతా నావైపే చూశారు. ఆపుతుందనుకున్నాను. "మీ మరిదికి కుర్చీ బాగా అమిరిందటగా బ్రీతా, వెనక ఓ దిండు కుట్టి పంపకపోయావా" అంది. కుట్టడానికి నీ నాలుక అరువిస్తావా, సూదికంటే వాడిగా ఉంది అన్నాను. అందరూ నవ్వారు. నువ్వూ నవ్వుకో.

కళ్ళద్దాలు ఉన్నచోటే ఉండనీ. అవి ఆయనవి. ఆయన వస్తాడు.

వేళకు తిను. ఊలు మేజోళ్ళు యోరన్‌తో పంపుతున్నాను.

బ్రీతా

*

ఓస్లో
సెప్టెంబరు 12

వదినకు,

మేజోళ్ళు అందాయి. కళ్ళద్దాలు సొరుగులోనే ఉన్నాయి. ఆ సొరుగు నేను మళ్ళీ తెరవలేదు. ఈ కుర్చీ నేను అడిగింది కాదని మీకు గుర్తు చేయవలసి వస్తుందని అనుకోలేదు. ఓలీనాకు కూడా చెప్పండి.

మంచం గురించి రాశారు. ఉండనీయండి.

ఇప్పుడు అసలు మాట. వచ్చే గురువారం మా పార్టీ గదిలో పేరు పేరునా అడుగుతారు. నేను ఏం చెప్పాలన్నది నా చేతిలో లేదు. ముప్పయ్యారులో ఎన్నికైన రోజు మన సంఘం ఇంట్లో జరిగింది మీరు చూశారు. మన జిల్లాలో ప్రతి బదులు మనిషినీ అడిగినట్టే అన్నయ్య అందరి ముందూ నా భుజం మీద చేయి వేసి అడిగారు. "నేను రాలేని రోజున ఎవరి మాట చెబుతావు?" నీ మాటే అన్నాను. అందరూ బల్లలు చరిచారు. ఇంటికి వెళ్ళేటప్పుడు గూరో, ఏమయ్యా, సొంత నోరు అమ్మేసి వచ్చావా అని ఏడిపించింది. అప్పుడది ఒక వేడుక. ఇంతకాలం సభకు రమ్మని నాకు కబురే రాలేదు. ఇప్పుడు వచ్చింది.

నా అభిప్రాయం మీరు అడగకపోయినా చెబుతున్నాను. నేనైతే కాదంటాను. కాని మార్చి తర్వాత నా తీర్పు మీద నాకు నమ్మకం లేదు. నాకు పోగొట్టుకునేది ఏమీ మిగల్లేదు. అలాంటివాడు కాదనడం చాలా సులువు. అంత సులువుగా వచ్చే మాటను మూడు లోయల జనం తరఫున చెప్పకూడదు. అందుకే అన్నయ్య మాట కావాలి. ఆయన్ను అడిగే దారి లేదు. ఆయనతో ఇరవై ఏళ్ళు ఉన్నది మీరు. ఆయన ఈ కుర్చీలో ఉంటే ఏమంటారు? మీరు ఏది రాస్తే అదే చెబుతాను. ఆలోచించి రాయండి. కాని వెంటనే రాయండి.

ఇక్కడ ఎవరూ గట్టిగా మాట్లాడడం లేదు. ఉత్తరాది జిల్లా ఆయన ఒకరు మెట్ల మీద నిలబడి తాను కాదంటానని పదిమందికీ చెప్పారు. మర్నాడు ఫలహారానికి ఆయన కుర్చీ ఖాళీ. ఒంట్లో బాగాలేక ఇంటికి వెళ్ళారని హోటలువాళ్ళు చెప్పారు. ఆయన టోపీ మాత్రం కొక్కేనికి వేలాడుతూనే ఉంది. మూడు రోజులుగా మేమంతా దాని పక్క నుంచే నడుస్తున్నాం.

సీవెర్ట్

*

ఓత్నెస్
సెప్టెంబరు 15, ఆదివారం

సీవెర్ట్‌కు,

నీ ఉత్తరం పడవ రేవులోనే చదివాను. ఇంటికి వచ్చి మళ్ళీ చదివాను.

అడిగావు కాబట్టి చెబుతున్నాను. మీ అన్నయ్య ఔనంటాడు.

ఆయన గురించి బయటివాళ్ళకు తెలిసింది అరుపులే. లోపలి మనిషి నాకు తెలుసు. మన బడి మూసేస్తామన్న ఏడాది గుర్తుందా? ఏ క్వామెను వేదిక మీద దొంగన్నాడో, ఆ క్వామె ఇంటికే వెళ్ళి కాఫీ తాగి చేయి కలిపి వచ్చాడు. ఏమిటిదంటే, బడి నిలిస్తే చాలు, నా మొహం సంగతి తర్వాత చూసుకుంటానన్నాడు. ఇప్పుడు కూడా అంతే అంటాడు. సభ నిలిస్తే చాలంటాడు. రాజు పెద్దవాడు, అర్థం చేసుకుంటాడంటాడు. కుర్చీ పోతే పోయిందంటాడు. నువ్వు కూర్చుంటే ఆయనకు సంతోషమే.

కాబట్టి సందేహం పెట్టుకోకు. ఔను అని చెప్పి, బండెక్కి ఇంటికి రా. నీ ఇల్లు లేకపోతే మా ఇల్లుంది. పై గది సర్దాను. పిల్లలు రోజూ అడుగుతున్నారు, బాబాయి ఎప్పుడొస్తాడని.

పోగొట్టుకునేది లేదని ఇంకెప్పుడూ రాయకు. ఆ మాట నాకు నచ్చలేదు.

మీ వదిన

*

ఓస్లో
సెప్టెంబరు 19

వదినకు,

మీ ఉత్తరం నిన్న అందింది. పని ఈరోజు అయిపోయింది.

తలుపులు వేశారు. కార్యదర్శి జిల్లాలవారీగా పిలిచాడు. మన జిల్లా రాగానే, "హల్వార్ ఓత్నెస్" అన్నాడు. అది నేనేనని నాకు వెంటనే తోచలేదు. తర్వాత కార్యదర్శి తలెత్తి, "బదులు?" అన్నాడు. నేను లేచి ఔను అన్నాను. కూర్చున్నాను. నా ముందు అన్నవాళ్ళలో చాలామంది అదే అన్నారు. నా తర్వాత కూడా. ఒకరిద్దరు గొంతు సవరించుకుని అన్నారు. కాదన్నవాళ్ళు మాత్రం చిన్న గొంతుతో అన్నారు, ఏదో తప్పు చేస్తున్నట్టు.

నాకేమీ అనిపించలేదు. నాది కాని మాట చెబితే అలాగే ఉంటుందేమో.

క్వామె గారి పార్టీ పక్క గదిలో కూర్చుంది. బయటికి వచ్చాక నడవాలో నా కోసం నిలబడ్డారు. నన్ను అడగలేదు. "హల్వార్ ఏమన్నాడు?" అన్నారు.

"ఔనన్నాడు" అన్నాను.

"పదేళ్ళు తిట్టానయ్యా ఆయన్ని. ఆ మాట అనే మనిషే అయితే అన్నేళ్ళు ఎందుకు తిడతాను?" అన్నారు. టోపీ పెట్టుకుని వెళ్ళిపోయారు. ఆయన కాదన్నారట. సాయంత్రం భోజనానికి వేరే బల్ల దగ్గర కూర్చున్నారు.

ఇదంతా బేరంలో మొదటి మెట్టేనట. ఇంకా ఏవో పేర్ల దగ్గర వాళ్ళకూ మావాళ్ళకూ తేలడం లేదు. తేలేదాకా మమ్మల్ని ఊరు కదలవద్దన్నారు. నేను వచ్చే వారం వస్తాననుకోవచ్చు.

మీరు ఆలోచించి రాసినందుకు కృతజ్ఞుణ్ణి. మీకు కష్టమైన పనే అప్పగించాను.

సీవెర్ట్

*

ఓత్నెస్
సెప్టెంబరు 20

సీవెర్ట్,

గురువారం దాటిపోయిందని తెలుసు. వాయిదా పడి ఉంటే, ఈ ఉత్తరం ముందే చేరితే, ఔను అనవద్దు. నేను రాసింది అబద్ధం.

నిన్న సాయంత్రం ఓలీనా కొట్టు వెనక గదిలో లండన్ రేడియో విన్నాం. వినకూడదన్నారు కాబట్టి ఊరంతా వింటోంది. ఎవరో పెద్దాయన మాట్లాడాక, మన సభ్యులొకరు మాట్లాడతారన్నారు. మీ అన్నయ్య గొంతు. ఏప్రిల్ తర్వాత మొదటిసారి విన్నాను. జలుబు చేసినట్టుంది. ఆయన అన్నది అన్నట్టే రాస్తున్నాను.

"ఓస్లోలో నా కుర్చీ ఖాళీగా లేదు. నా బంధువు కూర్చున్నాడు. అతను నా మాట చెబుతానని మా ఊరి ముందు మాటిచ్చినవాడు. నా మాట ‘కాదు’ అన్నదే. అతను ఆ మాట చెప్పి ఉంటాడు. ఏమైనా జరగనీ, చెప్పే ఉంటాడు."

పేరు చెప్పలేదు. చెప్పాల్సిన పనేముంది? ఆయనకు మైకు దొరికితే నోరు ఆగదు.

అందరూ నావైపు తిరిగారు. ఓలీనా ఏడ్చింది. దిండు మాట అన్నందుకు క్షమించమని నా రెండు చేతులూ పట్టుకుంది. ఈ ఉదయం వెన్న ముద్ద తెచ్చి గుమ్మంలో పెట్టి వెళ్ళింది, ఆయన వచ్చాక పెట్టమని. ఆయనంటే నువ్వు. ఊరంతా నువ్వు కాదన్నావనే అనుకుంటోంది. చర్చిలో నీ కోసం ప్రార్థన చేస్తారట.

ఇప్పుడు నా సంగతి. ఆగస్టులోనే మీ అన్నయ్య దగ్గర నుంచి కబురు వచ్చింది. సముద్రం అవతల షెట్లాండ్ దీవుల నుంచి వచ్చిన చేపల పడవాయన నోటితో పంపాడు. సభను పిలుస్తారని ఆయనకు అక్కడ ముందే తెలిసింది. సీవెర్ట్‌ను కాదనమని చెప్పు అన్నాడు. అంతే. ఆ మాట నీకు అందించడమే నా పని. నేను అందించలేదు. చెప్పకపోతే నీ అంతట నువ్వు జాగ్రత్తగా ఉంటావనుకున్నాను. తర్వాత నువ్వు పోగొట్టుకునేది ఏమీ లేదని రాశావు. వీడు చావడానికి దారి వెతుక్కుంటున్నాడు, ఆ కాదు అనే మాట పట్టుకుని వెళ్ళిపోతాడు అనుకున్నాను. ఆ కొక్కేనికి వేలాడే టోపీ సంగతి కూడా రాశావు. గూరో చివర్లో నన్ను ఒకటే అడిగింది. ఆయన్ని ఒంటరిగా వదలకు అక్కా, ఆయనకు చలేసినా చెప్పడు అంది. నేను నీకు తలుపు తెరిచి పెట్టాలనుకున్నాను. మీ అన్నయ్య నోట్లో ఔను పెట్టాను.

లెఫ్టినెంటు పొద్దున్నే వచ్చాడు. ఆ బంధువు ఎవరన్నాడు. మా వంశం పెద్దది, ఈ ఒడ్డు మీద అందరం బంధువులమే అన్నాను. ఈసారి రాసుకోలేదు. తెలిసినవాడిలా తల ఊపాడు.

బ్రీతా

*

ఓస్లో
సెప్టెంబరు 24

వదినకు,

మీ ఉత్తరం ముందు చేరలేదు. నాది మీకు చేరి ఉంటుంది.

కోపం లేదు. ఉంటే రాసేవాణ్ణి. మీరు నా వాక్యాన్ని తప్పుగా చదివారు. నేను చావు గురించి రాయలేదు. నా మాటకు బరువు చాలదని రాశాను. కాని అలా చదవడానికి వీలుగా రాసింది నేనే. గూరో ఉంటే ఉత్తరాలు అంటించే ముందు చదివేది. ఈ వాక్యం నువ్వు అనుకున్నట్టు లేదు, మార్చు అనేది.

అన్నయ్య ప్రసంగం ఇక్కడ కూడా విన్నారు. క్వామె గారు నా బల్ల దగ్గరికి వచ్చి కూర్చున్నారు. భోజనం ముగించారు. తర్వాత, "నీకు ఎవరు చెప్పారు, ఆయన ఔనంటాడని?" అన్నారు. నేనే అనుకున్నానని చెప్పాను. ఆయన నమ్మలేదు. కాని అడగడం ఆపేశారు. అంతకంటే మర్యాద ఈ ఊళ్ళో ఈమధ్య నాకు ఎవరూ చూపలేదు.

పేర్ల బేరం ఇంకా తెగలేదు. జర్మన్లు రోజుకో కొత్త పేరు తెస్తున్నారట. మావాళ్ళు అలసిపోయారు. బేరం విరిగిపోతే బాగుండునని ఇప్పుడు అందరి మొహాల్లోనూ ఉంది. ఔనన్నవాళ్ళ మొహాల్లో మరీను.

సీవెర్ట్

*

ఓత్నెస్
సెప్టెంబరు 27

సీవెర్ట్‌కు,

బుధవారం సాయంత్రం మేమూ విన్నాం. జర్మన్ల నాయకుడు రేడియోలో గొంతు చించుకున్నాడు. రాజు లేడట, మంత్రులు లేరట, పార్టీలన్నీ రద్దట, సభ ఇక కూర్చోదట. వాళ్ళు ఏరుకున్న మనుషులే మనల్ని ఏలుతారట. ఇన్నాళ్ళు మిమ్మల్ని ఎందుకు అడిగినట్టు?

చెబితే తప్పనుకుంటావేమో, నాకు ముందు ఊపిరి వచ్చింది. మీరు ఔనన్నా కాదన్నా ఒకటే అయింది. ఆ ఔనుతో ఎవరూ ఏమీ కట్టలేదు. కుర్చీ మీ అన్నయ్యదీ కాదు, నీదీ కాదు. ఇక నిన్ను అక్కడ ఎందుకు ఉంచుతారు? వచ్చెయ్.

గొర్రెలు దిగాయి. నువ్వు వచ్చే పడవ తెలిస్తే చెప్పమని ఊళ్ళో అందరూ అడుగుతున్నారు. రేవుకు వస్తారట. ఓలీనా పిల్లలకు పాట నేర్పిస్తోంది. నాకు ఆ పాట వినబడ్డప్పుడల్లా కిటికీ మూసేస్తున్నాను. అందుకే ఒకటి నిశ్చయించుకున్నాను. నువ్వు రాకముందే సంఘం ఇంట్లో లేచి నిలబడి జరిగింది చెబుతాను. పడవాయన మళ్ళీ వస్తే మీ అన్నయ్యకు కూడా కబురు పంపుతాను. తప్పు నాది. నువ్వు మోయకూడదు.

లెఫ్టినెంటు ఇప్పుడు చాలా మర్యాదగా ఉన్నాడు. నిన్న దారిలో టోపీ తీశాడు. మా పొలం సరిహద్దు రాయి దగ్గర నిలబడి, ఎంత దాకా మీదని అడిగాడు. చెప్పాను. మంచి పొలం అన్నాడు. వాడు అరిచినప్పుడే నాకు బాగుండేది.

మీ వదిన బ్రీతా

*

ఓస్లో
అక్టోబరు 2

వదినకు,

ఇది నిలబడి చదవండి. చదివాక పొయ్యిలో వేయండి.

నిన్న నన్ను పిలిపించారు. కొత్త శాఖ, సమాచారం చూసేది. మాట్లాడింది జర్మన్ కాదు, మన దేశంవాడే. విశ్వవిద్యాలయంలో నాకు రెండేళ్ళు వెనక చదివాడట. నిజమైన కాఫీ పోశాడు. గూరో పోయిందని తెలిసి విచారం చెప్పాడు. అది కూడా తెలుసు వాళ్ళకు.

అడిగింది ఇది. నేను రేడియోలో మాట్లాడాలి. మూడు వాక్యాలు చాలు, తామే రాసిస్తారు. లండన్‌లో హల్వార్ ఓత్నెస్ చెప్పింది అబద్ధమని, ఆయన కుర్చీలో కూర్చున్న బంధువును నేనేనని, ఔనన్నానని. "మిమ్మల్ని కల్పించి చెప్పమనడం లేదు. జరిగిందే చెప్పండి. నిజమేగా?" అన్నాడు. నిజమే. అదే వాళ్ళకు కావలసింది.

గుమ్మం దాకా వచ్చి సాగనంపుతూ, "మీ వదినగారు పిల్లలతో ఊళ్ళోనే ఉన్నారు కదా. పొలం ఎవరి పేరు మీద ఉంది?" అన్నాడు. నేను చదివితే ఆ ప్రశ్న మరిచిపోతారు. చదవకపోతే మరవరు.

సోమవారం దాకా గడువు అడిగాను. గొంతు బాగాలేదన్నాను. నవ్వి ఇచ్చాడు. అప్పటి నుంచి హోటలు ఎదుట ఒకడు పేపరు చదువుతూ నిలబడుతున్నాడు. వానలో కూడా చదువుతున్నాడు.

పోయినసారి మిమ్మల్ని అడిగాను. ఈసారి అడగను. పార్టీ లేదు, సభ లేదు, ఇక ఎవరి కుర్చీ లేదు. నేను ఎవరి బదులూ కాను. సోమవారం కాదని చెబుతాను. ఈసారి అది సులువుగా రావడం లేదు. మీరూ పిల్లలూ గుర్తొచ్చినప్పుడల్లా నాలుక మీదే ఆగిపోతోంది. అందుకే ఆ మాట మీద కొంచెం నమ్మకం కుదిరింది.

మీరు సోమవారానికి అక్కడ ఉండకూడదు. యోరన్ తమ్ముడికి పడవ ఉంది. ఆదివారం ఊరంతా చర్చిలో ఉన్న వేళ మిమ్మల్ని తీసుకుని షెట్లాండ్‌కు బయలుదేరుతాడు, అక్కడి నుంచి అన్నయ్యను చేరుకోవచ్చు. నేను మాట్లాడించాను. డబ్బు సంగతి అడగకండి, అయిపోయింది. పిల్లలకు ఉన్న ఊలు బట్టలన్నీ ఒకదాని మీద ఒకటి వేయండి. గొర్రెలను అలాగే వదలండి. పొయ్యిలో మంట ఉంచి, పొగ వస్తుండగా వెళ్ళండి. మగ్గం కోసం వెనక్కి తిరగవద్దు.

సంఘం ఇంట్లో లేచి నిలబడవద్దు. చెప్పే ఉంటే చేసేది లేదు. చెప్పకపోతే మాత్రం ఇక చెప్పకండి. ఊరు ఒక కాదు అనే మాట మీద నిలబడి ఉంది. అది అప్పుడు లేదు. సోమవారం ఉంటుంది. ఆలస్యమైనా ఉంటుంది.

అన్నయ్యకు కూడా చెప్పకండి. ఔను నా సొంతమని చెప్పండి. కుర్చీ చూసి ఆశ పుట్టిందనుకోనివ్వండి. ఆయన తిడతారు, నాలుగు రోజులు అరుస్తారు, తర్వాత నాలాంటివాణ్ణి బదులు పెట్టుకున్నందుకు తనను తానే తిట్టుకుంటారు. తట్టుకోగలరు. ఆ ఔను మీరు రాసిందని తెలిస్తే అరవరు. మీరిద్దరూ పరాయి ఊళ్ళో ఒక్క గదిలో ఎన్నేళ్ళు ఉండాలో తెలియదు. ఆ గదిలో ఆ మాట ఉండకూడదు.

గూరో మీతో అన్నది రాసినందుకు సంతోషం. నాకు తెలియదు. మీరు ఆమె మాట తప్పలేదు. నాకు చలేయడం లేదు.

బయలుదేరే ముందు ఆమె దగ్గరికి వెళ్ళాలనిపిస్తుంది. వెళ్ళకండి. నా ఇంటి కిటికీ లోంచి స్మశానం కనిపిస్తుంది, ఆ కిటికీ దగ్గర ఇప్పుడు ఎవడు కూర్చుంటున్నాడో మీకు తెలుసు.

ఈ ఉత్తరానికి జవాబు వద్దు. సోమవారం తర్వాత ఈ చిరునామాలో ఎవరు తీసుకుంటారో చెప్పలేను.

సీవెర్ట్